నాయన బరువుకు సరిపడే తాడు

ముందుగా చూసినవాటినీ విన్నవాటినీ వేరుచేస్తాను. మా నాయన బరువు డెబ్బై రెండు కిలోలు. ధర్మవరంలో మా వీధి చివరనున్న బియ్యం అంగడి కాటా మీద నేనే చూసిన అంకె ఇది, కనుక ఖాయం. ఆయన నలభై ఏళ్ళు మగ్గం గుంతలోకి కాళ్ళు దించి పట్టుచీరలు నేశాడన్నదీ ఖాయం. మామూలు కుర్చీలో పాదాలు నేలకానించి కూర్చుంటే పది నిమిషాల్లో ఆయన మోకాళ్ళు మొరాయిస్తాయన్నది గడియారం పెట్టి గమనించిన సంగతి. ఇక వినికిడి. కాళ్ళు వేలాడదీస్తే కీళ్ళు కుదుటపడతాయని పక్కింటాయన చెప్పాడు. ఆయన సెల్‌ఫోన్లు బాగుచేస్తాడు. ముడులతో అల్లే మాక్రమే ఉయ్యాలను ఎవరైనా రెండు రోజుల్లో పూర్తి చేయవచ్చని ఒక వీడియోలో చెప్పారు. చెప్పినామె గోళ్ళు చూస్తే, ఆమె జీవితంలో ఏ తాడునైనా గట్టిగా లాగిందన్న దాఖలా కనబడలేదు.

మగ్గం మానేశాక నాయనకు ఇంట్లో కూర్చునే చోటు లేకుండా పోయింది. నేలమీద కూర్చుంటే లేవలేడు, కుర్చీలో కూర్చోలేడు. అన్నం కూడా నిలబడి, గుమ్మానికి ఆనుకొని తినేవాడు. జూనియర్ కాలేజీలో భౌతికశాస్త్రం చెప్పే కూతురు ఉండి కూడా ఆయన నిలబడి తినడం నాకు నామోషీగా ఉండేది. అందుకని ఉయ్యాల నేనే అల్లుతానన్నాను. తాడు తెగితే విరిగేది డెబ్బై రెండేళ్ళ తుంటి ఎముక. కిలోలూ ఏళ్ళూ ఒకే అంకె కావడం కేవలం యాదృచ్ఛికం.

అనంతపురం పాతూరులో తాళ్ళ అంగడికి అగ్గిపెట్టె తీసుకొని వెళ్ళాను. అంగడాయన నా ముందు మూడు చుట్టలు పెట్టి మూడింటినీ ఒకే నమ్మకంతో పొగిడాడు. మొదటిది అచ్చమైన కాటన్ అన్నాడు. కొస కత్తిరించి వీధిలో నిలబడి అంటించాను. కరిగి, నల్లటి గట్టి పూసలా ముడుచుకుంది. పత్తి అలా చేయదు. అది కాగితంలా కాలి, మెత్తటి బూడిదవుతుంది. రెండవది జనపనార. నిజాయితీగానే కాలింది గాని, ఇంట్లో బనియనుతో తిరిగే మనిషి వీపుకు అది శిక్ష. నేను మూడో కొసకు కూడా పుల్ల గీస్తుంటే అంగడాయన బయటికి వచ్చాడు.

“మేడమ్, తాడు కొనేకి వచ్చినారా, దహనం చేసేకి వచ్చినారా?”

మూడవది పత్తే. అయితే అందులో రెండు రకాలున్నాయి. ఒకటి ఒంటి పేటది. దువ్వితే కుచ్చులు అందంగా వస్తాయి, అందుకే గోడకు తగిలించే అలంకరణలకు అదే వాడతారు. మనిషిని మోయాల్సిన చోట కుచ్చుల అందంతో పనిలేదు. మూడు పేటలుగా పేనినది, నా చిటికెన వేలంత లావుది తీసుకున్నాను. ఎండకూ వానకూ ప్లాస్టిక్ తాడే మేలని ఆయన చివరి ప్రయత్నం చేశాడు. వాన సంగతి మా జిల్లాలో పరీక్షించడం కష్టం. ఎండ సంగతి మాత్రం మా మిద్దెమీద బట్టలు ఆరేసే ప్లాస్టిక్ తాడు రెండు వేసవుల్లో చేతికి పొడిగా రాలి ఇదివరకే నిరూపించింది. పైన తగిలించే ఇనుప కడియాల్లోనూ వంచి వదిలేసినవాటిని పక్కనపెట్టి, అతుకు దగ్గర పూర్తిగా వెల్డింగు చేసినవే ఏరుకున్నాను.

ఇంటికొచ్చాక నాయన తాడును వేళ్ళ మధ్య దొర్లించి, పురిని వెనక్కి తిప్పి, పరవాలేదన్నాడు. ఆయనకు అభ్యంతరం తాడుతో కాదు, పనితోనే. నేతలో ముడి అంటే తప్పు. తెగిన పోగును గాని కొత్త పడుగును గాని వేళ్ళకు బూడిద అద్దుకొని, పాత కొసతో కలిపి మెలివేసి అతకాలి. ముడి కనబడితే చీర విలువ పోతుంది, నేసినవాడి పరువూ పోతుంది. అలాంటి మనిషి ముందు నేను గంటకు వంద ముడులు వేస్తున్నాను.

“ముడి పడకుండా చూసుకునేకే నాకు కండ్లు పోయినాయి. నువ్వు ముడులెయ్యనీకే కూలి లేకుండా కూచున్నావు గదమ్మా,” అన్నాడు.

నాలుగో రోజున నాకు అనుమానం మొదలైంది. తాళ్ళు పొట్టిపడేలా ఉన్నాయి, మిగిలినవన్నీ కత్తిరించగా పడ్డ తుంపులే. పూర్తయ్యే ఉయ్యాలకు నాలుగు రెట్ల పొడవు చాలని వీడియోలో చెబితే నమ్మక, నేనే చిన్న నమూనా అల్లి లెక్కగట్టాను. నమూనా సన్నతాడుతో అల్లాను. లావుతాడు ఒక్కో ముడికీ ఎక్కువ మింగుతుందన్న విషయం, రోజూ పిల్లలకు కొలతలు నేర్పే నాకు తట్టలేదు.

మరుసటి సాయంత్రం కాలేజీ నుంచి వచ్చి చూస్తే తాళ్ళన్నీ సరిపోయేంత పొడవున్నాయి. నాయన్ను అడిగితే నేను కొలిచింది తప్పేమో అన్నాడు. ఇతరుల ప్రతి మాటకూ రుజువు అడిగే నేను ఈ మాటకు అడగలేదు. ఫలితం నా లెక్కకు అనుకూలంగా వచ్చింది కదా. అంగడాయన కూడా ఇలాగే తనకు అనుకూలమైన మాటను నమ్ముకొని బతుకుతున్నాడని అప్పుడు అనుకోలేదు.

ఉయ్యాల పూర్తయింది. వసారా దూలానికి వేలాడదీసి, కింద పరుపు పరిచి, నాలుగు బియ్యం మూటలు ఒక్కొక్కటే ఎక్కించాను. వంద కిలోలు. నాలుగోది పెట్టిన కాసేపటికి ఉయ్యాల ఒక పక్కకు మెల్లగా ఒరిగి, మూటలన్నీ పరుపు మీదికి దొర్లాయి. తాడు తెగలేదు, ఒకచోట మధ్యలో ఊడి జారింది. కొస చూస్తే చిరిగిన పోగులు లేవు. నున్నగా, సన్నగా, ఎలుక తోకలా తేలిన కొస. వేలితో రుద్దితే బూడిద అంటింది.

నాయన గోడవైపు చూస్తూ నిలబడ్డాడు. పరుపు వేయకపోతే, మూటలకు బదులు ఆయనే కూర్చుని ఉంటే ఏమయ్యేదో ఇద్దరికీ తెలుసు. నేను అరవలేదు. పట్టుపోగు అతుకు మోయాల్సింది తన ఒక్కదాని బిగువేనని, ఇక్కడ ఒక్కో తాడూ మనిషిని మోయాలని మాత్రం చెప్పాను. ఆయన ఊడిన కొసను వేళ్ళ మధ్య దొర్లించాడు.

“తుంపులు కలిపేకి అంత లావు ముడి ఏసి ఇడ్సిపెట్టేకి చెయ్యి రాలేదమ్మా.”

మళ్ళీ పాతూరు వెళ్ళి తాడు తెచ్చాను. అగ్గిపెట్టె చూడగానే అంగడాయన కొస తనే కత్తిరించి ఇచ్చాడు. జారిన తాడు మొత్తం తీసేసి కొత్తది వేశాను. ముడులు లేకుండా బయటికి కనబడే ప్రతి భాగాన్నీ లాగి, మెలి విప్పి చూశాను. ఈసారి ఆరు మూటలు మూడు రోజులు వేలాడాయి. తాళ్ళు రెండు వేళ్ళు సాగి ఆగాయి. నాలుగో రోజు మధ్యాహ్నం నాయన ఎక్కి కూర్చున్నాడు. కాళ్ళు వేలాడాయి. పళ్ళెం ఒళ్ళో పెట్టుకొని, కూర్చొని అన్నం తిన్నాడు. పెరుగన్నం దాకా లేవలేదు. పరుపు మాత్రం నేను ఇంకా తీయలేదు.

తేలని ప్రశ్న ఒకటుంది. ముడుల లోపల దాగినవి ఇంకెన్ని అతుకులు? ముడుల బిగువు పట్టుకున్న అతుకు జారదని ఘర్షణ గురించి నాకు తెలిసినంతలో చెప్పగలను. కాని సంఖ్య చెప్పలేను. నాయన్ను సూటిగా అడిగాను.

“కనపడితే చెప్పుమా, విప్పుతా. కనపడేదైతే అది నేను అతికిందే గాదు,” అన్నాడు.

కాదని రుజువు చేయడానికి వీలులేని వాదన అది. తరగతిలో ఎవరైనా చెబితే మార్కులు వేయను. భూతద్దంతో వెతికాను, ఒక్కటీ దొరకలేదు. లేవు గనక దొరకలేదో, ఆయన చేయి అంతటిది గనక దొరకలేదో తేలాలంటే ముడులన్నీ విప్పాలి. విప్పాలంటే ఆయన దిగాలి. మూడు నెలలుగా అడుగుతున్నాను, దిగడం లేదు.