వారంటీ కార్డులో తొమ్మిదో షరతు

లోకంలో జరిగే గొడవలన్నీ సరైన షరతు ముందే రాసి పెట్టుకోకపోవడం వల్లనే వస్తాయని నేను గట్టిగా నమ్మిన రోజులు కొన్ని ఉన్నాయి. అప్పుడు నాకు ఇరవై రెండేళ్లు. బి.కాం. పూర్తయింది, కాలరుకి గంజి పెట్టి ఇస్త్రీ చేసుకోవడం కొత్తగా అలవాటైంది, హిందీ మాట్లాడే మా ఉక్కు కార్ఖానా ఊళ్లో, సాక్చీ బజారులో ఒక దుకాణంలో ఉద్యోగం దొరికింది. వాడేసిన గేమ్ కన్సోళ్లు కొని, విప్పి, దుమ్ము దులిపి, చెడిన భాగాలు మార్చి, కొత్త అట్టపెట్టెలో పెట్టి అమ్మడం ఆ దుకాణం పని. టీవీకి తగిలించి ఆడుకునే ఆ డబ్బాలంటే ఊళ్లో కుర్రకారుకి పిచ్చి, కొత్తది కొనే స్తోమతు మాత్రం కొద్దిమందికే ఉండేది. అందుకని మా దగ్గర బేరాలకి లోటుండేది కాదు. బేరమయ్యాక వచ్చే ఫిర్యాదులకీ లోటుండేది కాదు. ఆ ఫిర్యాదులు వినే కౌంటరు నాది. (చుట్టాల దగ్గర మాత్రం "కస్టమర్ రిలేషన్స్" అని చెప్పుకునేవాణ్ని. మా అమ్మ దాన్ని పెళ్లి సంబంధాల ఆఫీసు అనుకుందని చాలా రోజులకి గానీ నాకు తెలియలేదు.)

మా యజమానిని బజారంతా గ్యారంటీ భయ్యా అనేది. ఆయన గ్యారంటీలన్నీ నోటిమాటలే. కాగితం మీద ఏమీ లేకపోవడం వల్ల ప్రతి ఫిర్యాదూ తగువులోకి దిగేది. నేను చేరిన నెలలోనే ఆ లోటు తీర్చాను. ఏడు రోజుల్లోపు వాపసు, మూడు నెలల వరకు ఉచిత మరమ్మతు అని పైన రెండు వాక్యాలు పెద్ద అక్షరాల్లో రాసి, ఆ రెండూ ఎవరికీ ఇవ్వక్కర్లేకుండా కింద పన్నెండు షరతులు చిన్న అక్షరాల్లో రాశాను. హిందీలో, ఇంగ్లీషులో, బారిడీహ్, సిద్ధగోరా పేటల వైపు మన తెలుగువాళ్లు చాలామంది ఉన్నారు కదా అని తెలుగులో కూడా. చేత్తో పట్టుకుని ఆడే పరికరాన్ని అందరూ రిమోటనే అనేవారు. దాని మీద బొటనవేలితో తిప్పే చిన్న బొడిపె ఒకటి ఉంటుంది. పాతబడితే అది ఎవరూ తిప్పకుండానే ఒక పక్కకి లాగుతుంది. మా సరుకులో ఆ జబ్బు బాగా ఉండేది కనక, తొమ్మిదో షరతు దానికోసం ప్రత్యేకంగా కూర్చాను: "వాడకందారు చేతి బరువు వలన రిమోటు బొడిపె పక్కకు లాగినచో వారంటీ వర్తించదు." అది విని గ్యారంటీ భయ్యా నా భుజం తట్టి, తూ తో వకీల్ నికలా అన్నాడు. నువ్వు లాయరువని తేలింది అన్న ఆ మాటకి నేను రెండు రోజులు నేల మీద నడవలేదు.

మా మావయ్య, అంటే అమ్మకి అన్నయ్య, ఉక్కు కార్ఖానాలో ముప్ఫై ఏళ్లకు పైగా, తలపైన పట్టాల మీద తిరిగే క్రేన్ నడిపి రిటైరైన మనిషి. కరిగిన ఉక్కుతో నిండిన గంగాళాన్ని ఈ చివరనుంచి ఆ చివరకి ఒక్క చుక్క తొణక్కుండా చేర్చడం ఆయన పని. మాట తక్కువ. రిటైరయ్యాక బారిడీహ్ ఇంటి వరండాలో కూర్చుని వచ్చేపోయే ఆటోలు చూడడం తప్ప ఆయనకి ఏ వ్యాపకమూ లేకపోయింది. ఒకరోజు మేనల్లుడి ఉద్యోగం ఎలా ఉందో చూద్దామని స్కూటరు మీద దుకాణానికొచ్చారు. నేను గొప్పగా ఒక రిమోటు ఆయన చేతిలో పెట్టి, లారీ నడిపే ఆట తెరిచాను. రెండు నిమిషాలు తడబడ్డారు. మూడో నిమిషంనుంచి ఆ లారీ ఘాటు రోడ్డు మీద పాలగిన్నె మోస్తున్నట్టు నడిచింది. కొనే ముందు ఆడి చూడడానికి వచ్చిన కాలేజీ వాళ్లు ఆటలు ఆపి ఆయన వెనక నిలబడ్డారు. రిటైరయ్యాక మావయ్య ముఖంలో అంత వెలుగు నేను చూడలేదు. పెట్టె మీద రీఫర్బిష్డ్ అన్న మాట చూపించి, అంటే పాతదేనా అని అడిగారు. పాతది కాదు మావయ్యా, మళ్లీ పుట్టినది అన్నాను. అలా నా చేతి మీదుగా ఒక కన్సోల్ బారిడీహ్ చేరింది.

సుమారు మూడు వారాల తర్వాత ఒక ఆదివారం వాళ్లింటికి భోజనానికి వెళ్లాను. లారీ ఎంత సరిగా తిప్పినా ఎడమ పక్క లోయలోకి పోతోందని మావయ్య నెమ్మదిగా చెప్పారు. ఇంకొకరైతే అది మేనమామ ఇల్లని గుర్తుపెట్టుకుని, రిమోటు ఒకసారి తీసుకుని చూసేవాడు. నేను మాత్రం పులిహోర ప్లేటు కింద కూడా పెట్టకుండా, కౌంటరులో రోజుకి పదిమందికి చెప్పే పాఠం అప్పజెప్పాను.

"రిమోటు బాగానే ఉంటుంది మావయ్యా. మీ బొటనవేలు బరువుగా పడుతోంది. వయసు వచ్చాక చేతులు కొంచెం వణుకుతాయి కదా."

మావయ్య తన చేతులవైపు ఒకసారి చూసుకుని, రిమోటుని దాని పెట్టెలో పెట్టి మూత వేశారు. నేను రెండోసారి పులిహోర వడ్డించుకున్నాను.

ఆ తర్వాత జరిగింది నాకు అత్త చెబితే తెలిసింది. మావయ్య ఆట మానేశారు, సరే. స్కూటరు తీయడం కూడా మానేశారు. నా చేతులు నమ్మడానికి లేదు, రోడ్డు మీద ఎవరికైనా తగిలిస్తే ఎలాగని ఆయన భయం. కూరల బజారుకి నడిచి వెళ్లేవారట. నలుగురిలో కూర్చుంటే చేతులు తువ్వాలు కింద పెట్టుకునేవారట. అత్త భయపడి ఆసుపత్రికి తీసుకెళ్లింది. డాక్టరు ఆయన చేతులు చాపించి, గుప్పిళ్లు బిగించమని చూసి, సూదిలో దారం కూడా ఎక్కించమని చూసి, ఈ చేతులకి ఏ రోగమూ లేదని చెప్పి పంపేశాడు. మావయ్య నమ్మలేదు. డాక్టరుకేం తెలుసు, వాడు రోజూ ఆ మిషన్లతోనే ఉంటాడు అన్నారట. వాడు అంటే నేను.

ఆసుపత్రికి వెళ్లొచ్చిన మర్నాడు మధ్యాహ్నం, కౌంటరు ముందు ఏడెనిమిది మంది ఉండగా, అత్త వచ్చింది. చంకలో బియ్యం సంచీ, అందులో కన్సోల్. వెనకాల మావయ్య, చేతులు తువ్వాల్లో. ఇద్దరూ ఆటోలో వచ్చారు. అత్త సంచీ కౌంటరు మీద పెట్టి, వారంటీ కార్డు తెలుగు వైపు తిప్పి, నన్ను పైకి చదవమంది. చదివాను. తొమ్మిదో షరతు దగ్గర నా గొంతు కొంచెం తగ్గింది. (మంచి వాక్యమే, కానీ అత్త ఎదుట చదవడానికి రాసినది కాదు.)

"సేతి బరువు వల్ల అని రాసేవు గదా. ఏ సెయ్యీ ఎయ్యకండా ఉంటే ఏటవుద్దో అది సూపించు ముందు," అంది అత్త.

నాకు అర్థం కాలేదు. మావయ్యకి అయింది. ఆయన ముందుకొచ్చి, కన్సోల్‌ని టీవీకి తగిలించమని సైగ చేశారు. లారీని ఎంచుకునే తెర వచ్చింది. రిమోటుని తీసి కౌంటరు మీద పెట్టారు. రెండడుగులు వెనక్కి వేసి, చేతులు వీపు వెనక్కి కట్టుకున్నారు.

తెర మీద ఎర్ర లారీ ఎడమకి జరిగి నీలం లారీ వచ్చింది. నీలం జరిగి పసుపు వచ్చింది. పసుపు పోయి ఆకుపచ్చ, మళ్లీ ఎర్ర, మళ్లీ నీలం. ఎవరూ ముట్టుకోని రిమోటు లారీలన్నింటినీ తిరునాళ్లలో రంగులరాట్నంలా తిప్పుతోంది.

"ఇప్పుడా బరువు ఎవలదిరా?" అన్నారు మావయ్య. కోపంగా కాదు, నిజంగా తెలుసుకోవాలన్నట్టు అడిగారు.

వరసలో ఉన్న ఒక కాలేజీ అమ్మాయి, అదే షరతు మీద నేను రెండుసార్లు తిప్పి పంపిన అమ్మాయి, తన రిమోటు కూడా అలాగే పెట్టి చూపించమని హిందీలో అడిగింది. ఆమె వెనక ఇంకొకడు తన సంచీ విప్పాడు. గొడవ విని గ్యారంటీ భయ్యా లోపలి గదిలోంచి వచ్చాడు. అమ్మినప్పుడు బాగానే ఉందని, పెట్టె మీద పరీక్షించినట్టు స్టిక్కరు ఉందని, దాని కింద నా సంతకం కూడా ఉందని చెప్పాడు. అత్త స్టిక్కరుని చూడలేదు, నన్ను చూసింది.

"నువ్వు సూసేవేటి, అమ్మినప్పుడు?"

నిజం ఏమిటంటే నేను చూడలేదు. స్టిక్కర్లన్నీ ఒకేసారి ముందేసుకుని, టీ తాగుతూ వరసగా సంతకాలు పెట్టేసేవాణ్ని. అబద్ధం నాలుక చివరి దాకా వచ్చింది. ఎదురుగా మావయ్య చేతులు ఇంకా వీపు వెనకే ఉన్నాయి. ఉద్యోగం పోతుందని తెలిసే, చూడలేదత్తా, ఒక్కటీ చూడలేదు అని తెలుగులో ఒకసారి, భయ్యా కోసం హిందీలో ఒకసారి చెప్పాను.

భయ్యా నన్ను లోపలి గదిలోకి పిలిచి చాలాసేపు మాట్లాడాడు (ఇక్కడ రాయదగ్గవి తక్కువ). కానీ ఆయనా వ్యాపారస్తుడే. బయట వరసలో ఉన్నవాళ్లు సెల్‌ఫోన్లు తీసి లారీల రంగులరాట్నాన్ని వీడియో తీస్తున్నారు. ఆయన బయటికొచ్చి, అందరికీ రిమోట్లు మారుస్తామని, తొమ్మిదో షరతు ఈ క్షణం నుంచి లేదని ప్రకటించాడు. నాకు శిక్ష ఏమిటంటే, ఇకమీద ప్రతి రిమోటునీ బల్ల మీద పెట్టి, తెరవైపు కళ్లార్పకుండా చూసి గానీ స్టిక్కరు అంటించకూడదు. ఉద్యోగం నిలిచింది.

మావయ్యకి కూడా కొత్త రిమోటు ఇవ్వబోయాను. అత్త అది పక్కన పెట్టింది. ఆవిడకి ముందు కాగితం కావాలట. "డాక్టరు మాట ఈయన నమ్మడు. నువ్వే రాసీ, సెయ్యి మంచిదే, మిషనే సెడిపోనాదని. ముద్ర కూడా ఎయ్యించు," అంది. నేను దుకాణం లెటర్‌హెడ్ మీద, నాకొచ్చిన గ్రాంథికమంతా వాడి రాశాను: ఇందుమూలముగా తెలియజేయునది ఏమనగా, పై వారి రెండు చేతులలో ఎట్టి లోపమూ లేదు, లోపము రిమోటునందే కలదు. తెలుగు ఒక్క ముక్క రాని గ్యారంటీ భయ్యా దాని కింద సంతకం చేసి గుండ్రటి ముద్ర గుద్దాడు. నా జీవితంలో నేను రాసిన పత్రాల్లో పూర్తిగా నిజమైనది బహుశా అదొక్కటే. మావయ్య దాన్ని రెండుసార్లు చదువుకున్నారు. మడిచి చొక్కా జేబులో పెట్టుకుంటుంటే తువ్వాలు కింద పడింది. ఆయన తీసుకోలేదు. నేనే తీసి ఆయన భుజం మీద వేశాను.

ఆ మరుసటి ఆదివారం ఎవరూ పిలవకుండానే బారిడీహ్ వెళ్లాను. మావయ్య స్కూటరు తుడుస్తున్నారు. క్షమించమని అడగడానికి వాక్యాలు కూర్చుకుని వెళ్లాను గానీ ఒక్కటీ బయటికి రాలేదు. ఆయనే తుడుపు ఆపకుండా ఒక సంగతి చెప్పారు. క్రేను ఎక్కిన కొత్తలో ఒకసారి బరువుని దించాల్సిన చోట కాకుండా పక్కన దించేశారట. ఎవరికీ దెబ్బ తగల్లేదు, కానీ సామాను విరిగింది.

"బ్రేకు పట్టనేదని సెప్పీసేను. బ్రేకు బాగానే ఉండీది, నా సెయ్యే తప్పింది. ఆ బ్రేకులు సూసినోడు తిట్లు తిన్నాడు. ఇంతవరకూ ఎవలికీ సెప్పనేదు. మీ అత్తకి కూడాను."

ఆ తర్వాత నన్ను వెనక కూర్చోబెట్టుకుని భాలుబాసా దాకా తీసుకెళ్లి జిలేబీ తినిపించారు. దారిలో గతుకులన్నీ ఎక్కడున్నాయో ఆయనకి తెలుసు. ఒక్కటి కూడా నాకు తగల్లేదు.

ఇప్పుడు నేను వేరే ఊళ్లో, వేరే కంపెనీలో, ఇంకాస్త పెద్ద బల్ల వెనక కూర్చుంటున్నాను. ఏ షరతు రాసినా దాన్ని ఒకసారి పైకి చదివి చూసుకునే అలవాటు మాత్రం పోలేదు. పక్క బల్లవాళ్లకి అది వింతగా ఉంటుంది. అప్పుడప్పుడు ఆ ఇరవై రెండేళ్ల వాడు గుర్తొస్తాడు. తెలిసిందంతా కాలరు మీదే తప్ప లోపల ఏమీ లేని కుర్రాడు. ఎదురుగా వచ్చి కూర్చుంటే గట్టిగా మందలించాలని అనుకుంటాను. కానీ మందలించలేను. ఇస్త్రీ బాగా చేసుకున్నావురా అని చెప్పి, రెండు టీలు తెప్పిస్తాను.