ఎడమపక్క జేబు

ఆ కబురు నాకు మొదట చేర్చింది మా వీధికి పాలు పోసే పెద్దమ్మ. క్యాను అరుగు మీద దించి, పాలు కొలవకముందే మాట కొలిచింది.

"ఏమ్మా, మీ పాపను ఖోఖో లోంచి తీసేస్తారంట గదా! మా మనవరాలు చెప్పింది. నీకు తెల్దా?"

నాకు తెలియదు. నా కూతురు ఆరో తరగతి చదువుతోంది. అన్నం తినేటప్పుడు కూడా కాళ్లు నిలవని పిల్ల. బడి ఖోఖో జట్టులో చోటు దొరికినప్పటి నుంచీ నిద్రలో సైతం "ఖో" అని పక్క మీద నుంచి లేచి కూర్చుంటోంది. ఆ శనివారమే పక్క ఊరి బడితో పోటీ. అలాంటి పిల్లను తీసేయడమేమిటి?

పాలామె చెప్పినదీ, తర్వాత పాపను కూర్చోబెట్టి రాబట్టినదీ కలిపితే సంగతి ఇది. పాపకు ఉబ్బసం ఉంది. మావైపు చెనక్కాయలు విడిపించే మిషన్లు తిరిగే రోజుల్లో గాలి నిండా పొట్టూ ఎర్రదుమ్మూ ఉంటాయి, అప్పుడు మరీ ఎక్కువ. కదిరి డాక్టరమ్మ ఇచ్చిన ఇన్‌హేలరు ఎప్పుడూ దాని బడిసంచిలోనే ఉంటుంది. ముందురోజు సాయంత్రం ఆట మధ్యలో ఆయాసం వచ్చింది. సంచి తరగతి గదిలో ఉంది, గదికి తాళం వేశారు, తాళంచెవి ఉన్న ఆయా నీళ్లకు పోయింది. ఆమె వచ్చేదాకా పాప గోడ పట్టుకుని, ఊపిరి కోసం వంగిపోయి నిలబడిందట. ఆటల మేడం హడలిపోయింది. మందు ఒంటి మీద ఉంటేనే ఆట, లేకపోతే శనివారం గట్టు మీద కూర్చుని చప్పట్లు కొట్టు అని తేల్చేసింది. ఆమెను నేనేమీ అనను. ఆమె స్థానంలో ఉంటే నేనూ అదే అనేదాన్ని.

"నాకెందుకు చెప్పలేదే?"

"చెప్తే నువ్వే ఆట వద్దంటావని."

"మందు చేతిలో పట్టుకొని ఆడకూడదా?"

"చేతిలో అదుంటే ఎదుటోళ్లను ఎట్ల పట్టుకునేది మా? మగపిల్లోళ్ల నిక్కర్లకు రెండు జేబులుండాయి. మా స్కర్టుకు ఒగటన్నా ఉండాదా?"

స్కర్టుకు జేబు లేకపోతేనేం, ఇంట్లో కుట్టుమిషను ఉంది. నేను బడిలో చదివినదాన్ని కాను. అక్షరాలు మా నాయన ఇంట్లో నేర్పించారు, కుట్టు పెళ్లయ్యాక మా అత్త నేర్పింది. ఈ రెండిటి మీదే నా బతుకు ఇంత సాఫీగా నడుస్తోంది. పెద్ద చిక్కులు ఇవ్వగలిగిన స్వామి, సూదితో తీరే చిక్కు ఇచ్చినందుకు నరసింహుడికి ఒక దండం పెట్టుకుని, బీరువా కింది అర తెరిచాను.

ఆ అరలో రవికముక్కల మూట ఉంటుంది. మన ఇళ్లలో ఈ మూట లేని ఇల్లు ఉండదనుకుంటాను. నోములకూ పేరంటాలకూ పోతే పసుపు కుంకుమలతో ఒడిలో పెడతారు. చాలా ముక్కలు రవికలుగా మారకుండానే ఇల్లిల్లూ తిరుగుతాయి. నేను ఒకరికి పెట్టిన ఊదారంగు ముక్క ఊరంతా తిరిగి, ఒకసారి మళ్లీ నా ఒళ్లోకే వచ్చి పడింది. చుట్టమొచ్చినట్టు సంతోషపడ్డాను.

పసుపుపచ్చటి ముక్క ఒకటి తీశాను. శ్రావణంలో వరలక్ష్మీ వ్రతం వాయనంగా వచ్చింది. గట్టి నేత, జేబుకు బాగా ఆగుతుంది. తీయగానే మంచం మీద నుంచి మా అత్త మాట అందుకుంది.

"ఏమే, అమ్మవారి గుడ్డ అది. జేబు చేస్తావా? పిల్లది బఠానీలు పోసుకుంటాది అందులో."

"బఠానీలు కాదత్తా, మందు."

"ఆ పీపీనా?" ఇన్‌హేలరును ఆమె పీపీ అంటుంది. మంచం మీద లేచి కూర్చుంది. "మందంటే సరే. అమ్మవారు పక్కనే ఉన్నట్లుంటాది. అయితే కుడిపక్క కుట్టు. అమ్మవారి గుడ్డ ఎడమపక్క వేయకూడదు."

నాకూ అది సబబుగానే తోచింది. పూజలో కుడిచేత్తో తీసుకున్న గుడ్డ, కుడివైపే ఉండాలి మరి. ఆమె చెప్పకపోయినా నేను అలాగే కుట్టేదాన్ని.

స్కర్టు పక్క కుట్టును చెయ్యి దూరేంత మేర బ్లేడుతో విప్పాను. పాప చేతిని గుడ్డ మీద ఆనించి, దాని చుట్టూ బాగా ఎడం విడిచి సుద్దతో గీశాను. రెండు ముక్కలు కత్తిరించి, ఒకటి స్కర్టు ముందు భాగానికీ ఒకటి వెనక భాగానికీ కలిపి, లోపలికి సంచిలా వచ్చేట్టు చుట్టూ రెండు వరసలు గట్టిగా కుట్టాను. పరుగులో మందు ఎగిరిపడకుండా జేబు నోటికి ఒక టిచ్‌బటను పెట్టాను. ఇస్త్రీ చేసి తొడిగితే కుచ్చిళ్లలో జేబు ఉన్నట్టే తెలియలేదు. నడిచినప్పుడు మాత్రం నీలం గుడ్డలోంచి పసుపు కాస్త తొంగిచూసింది. పాపకు అదే నచ్చింది.

"బాగుండాది మా! చూడు జేజీ!"

"చూసేదానికేముండాది? పరిగెత్తు," అంది వాళ్ల జేజి, అదే మా అత్త. కర్ర పట్టుకుని పెరట్లోకి వచ్చి, తానే ఆటల మేడం అయింది. "ఖో! ఊఁ, పరిగెత్తు. ఇప్పుడు ఆయాసం వచ్చిందనుకో. తియ్యి పీపీ!"

పాప ఆగి, చటుక్కున ఎడమచేత్తో ఎడమ తొడను తడుముకుంది. అక్కడేముంది, ఉత్త గుడ్డ. తర్వాత అదే చేతిని పొట్ట మీదుగా కుడివైపుకు తిప్పి, బటను గుంజి, సగం వంగి, మందు బయటికి లాగితే అది జారి బండ మీద పడింది. అత్త ఇంకోసారి చేయించింది. మళ్లీ అంతే.

పాపది ఎడమచేతి వాటం. అన్నం కుడిచేత్తో తినేట్టు మా అత్తే నేర్పింది. ఎడమచెయ్యి కంచం వైపు పోతే చాలు, దాని మీద ఒక్కటి పడేది. ప్రసాదానికి చెయ్యి చాస్తే "ఆ చెయ్యి కాదు" అనేది. తినడం మారింది గాని, ఆపదలో ముందు లేచే చెయ్యి మారలేదు. ఖోఖోలో పక్క నుంచి తప్పించుకుపోయేవాళ్లను అంటుకునేదీ ఆ చెయ్యే. జట్టులో చోటు వచ్చిందీ దానివల్లే.

అత్త వంగి బండ మీది మందు తీసి, పాప ఎడమచేతిలో పెట్టింది.

"ఆ కుట్టు ఇప్పు," అంది నాతో. "ఎడమపక్క కుట్టు."

"అమ్మవారి గుడ్డ కదత్తా..."

"అమ్మవారికి ఎన్ని చేతులుండాయే? అన్నీ కుడిచేతులేనా?"

పాప పకపకా నవ్వింది. నాకు నవ్వుతోపాటు ఒళ్లు జల్లుమంది. ఇన్నేళ్లు పటం ముందు దీపం పెడుతున్నాను, ఆ మాట నాకు తోచలేదు. ఆ సాయంత్రమే కుట్లు విప్పి, కుడిపక్కను మూసేసి, జేబును ఎడమవైపుకు మార్చాను. అత్త మళ్లీ పెరట్లో నిలబడి "తియ్యి" అంది. చెయ్యి పోవడం, మందు నోటి దగ్గరికి రావడం ఒక్క ఊపులో అయిపోయాయి.

శనివారం నేనూ పోయాను. మేడం పాపను నిలబెట్టి జేబు తెరిపించి చూసింది. "ఎవరు కుట్టినారే ఇది?" అని నవ్వి, పోయి వరసలో కూర్చోమంది. మొదటి సగం బాగానే గడిచింది. రెండో సగంలో పాప ఒక్కసారిగా నిలబడిపోయింది. భుజాలు పైకి లేవడం నాకు దూరం నుంచే కనిపించింది. నేను లేచేలోపే ఎడమచెయ్యి కుచ్చిళ్లలోకి పోయి వచ్చింది. మందు పీల్చి, గీత బయటికి వచ్చి, మేడం చూపించిన చోట బుద్ధిగా కూర్చుంది. మేడం పాప వీపు మీద చెయ్యి పెట్టి, ఊపిరి కుదుటపడేదాకా పక్కనే ఉండిపోయింది. ఆ రోజు మళ్లీ ఆడనివ్వలేదు. మావాళ్లు ఓడిపోయారు కూడా. అయినా పోయేటప్పుడు మేడం, "సోమవారం ప్రాక్టీసుకు రా" అంది పాపతో. వెనక్కి వచ్చే ఆటోలో పిల్ల నోరు మూత పడితే ఒట్టు.

తర్వాత దాని జట్టు పిల్లలు స్కర్టులు పట్టుకుని మా ఇంటికి వచ్చారు. వాళ్లకు మందులేమీ లేవు, జేబు కావాలంతే. రవికముక్కల మూట చిక్కిపోయింది.

ఆ శనివారం పోటీకి మా అత్త రాలేదు. మేము ఇల్లు చేరేసరికి గడప దగ్గర కూర్చుని ఉంది. పొద్దుటి నుంచి ఒక్కపొద్దు ఉందని, పచ్చి మంచినీళ్లు కూడా ముట్టలేదని సాయంత్రం పాలు పోయడానికి వచ్చిన పాలామె చెప్పింది. అత్త మాత్రం గెలిచినారా అని అడగలేదు. పాపను దగ్గరికి లాక్కుని, వీపుకు చెవి ఆనించి ఊపిరి విని, అప్పుడు అన్నం పెట్టమంది. పాప ఆట ఉన్న ప్రతి రోజూ ఇప్పటికీ అలాగే ఉపవాసం ఉంటుంది. వద్దంటే వినదు. వయసు పైబడింది, తల తిరుగుతుంటుంది. ఇది చదివినవాళ్లు ఈ పూట మీ దేవుడికి దండం పెట్టుకునేటప్పుడు, ఏ చేత్తో దీపం పెట్టినా సరే, మా అత్తను ఒక్కసారి తలచుకోండి.