పాత రాకెట్ ప్యాడ్ మీద ఏకాంబరం

సూళ్లూరుపేట స్టేషన్ ముందర ఆటో తోలే ఏకాంబరం ఒకప్పుడు క్రేన్ ఆపరేటరని మా వీధిలో చాలామందికి తెలియదు. కుప్పం వైపు నల్లరాయి క్వారీల్లో చాలా ఏళ్లు పనిచేసినాడు. ఒకరోజు క్రేన్ వైరు తెగి బండ జారి, కింద నిలబడిన మనిషికి కాలు పోయింది. వైరు పాతబడింది, మార్చమని అతను ముందే చెప్పి ఉన్నాడు. తప్పు అతనిది కాదని విచారణలో కూడా తేలింది. అయినా మళ్లీ క్రేన్ ఎక్కబోతే లీవరు మీద చెయ్యి నిలవలేదు. ఆ పని వదిలేసి భార్య రేవతి పుట్టిన ఈ ఊరికి వచ్చేసినాడు. ఆమె బూట్ల కంపెనీలో చేరింది, ఇతను ఆటో కొన్నాడు.

అట్లా కొన్నేళ్లు గడిచినాక, క్వారీలో పరిచయమున్న క్రేన్ ఓనరు ఒకాయన వెతుక్కుంటూ వచ్చినాడు. పులికాట్ సరస్సు అవతల, రాకెట్లు ఎగిరే దీవిలో, వాడకం మానేసిన ప్యాడ్ ఒకటి ఉంది. ప్యాడ్ అంటే రాకెట్‌ను నిలబెట్టి వదిలే కాంక్రీటు గట్టు. చిన్న రాకెట్లు తయారుచేసే ఒక కొత్త కంపెనీ దాన్ని మళ్లీ వాడుకోబోతోంది. దాని పక్కనున్న ఇనుప టవర్‌ను కోసి, ముక్కలు ముక్కలుగా కిందికి దించాలి.

"మా ఆపరేటరు దుబాయ్ పోయినాడప్పా. పాత ఇనుము దించేదే గదా, నువ్వు రా" అన్నాడు ఓనరు.

ఏకాంబరం రానన్నాడు. ఆ రాత్రి అన్నం వడ్డిస్తూ రేవతి నెమ్మదిగా అడిగింది. "రోడ్డు మీద క్రేన్ పోతా ఉంటే ఆటో ఆపి సూస్తా ఉంటావంట. మా కంపెనీ బస్సులో వాళ్లు సెప్పినారు. అంత ఇష్టమున్న పనిని ఎందుకు వదులుకోవాల?"

తెల్లారి ఏకాంబరం ఓనరుకు ఫోన్ చేసి, వస్తానని చెప్పి, ఒకే ఒక షరతు పెట్టినాడు. ఎత్తిన బరువు కింద మనిషనేవాడు ఉండకూడదు.

అక్కడ పని చూసుకునే ఇంజనీరు జయంతి తిరుపతి అమ్మాయి. మొదటిరోజే ఏకాంబరాన్ని ప్యాడ్ మీదికి తీసుకుపోయి చూపించింది. "పైన ఇనుమును ఉప్పుగాలి తినేసింది. కింద కాంక్రీటు మాత్రం గట్టిగా ఉంది. ఇంత లోతు పునాది, మంట బయటికి పోయే ఈ కాలువ మళ్లీ కట్టాలంటే ఏళ్లు పడుతుంది. అందుకే ఇదే వాడుకుంటున్నాం" అంది.

టవర్ ఎక్కి ఇనుప దూలాలకు తాళ్లు కట్టే ఖలాసీ పేరు జోయల్. యాభై దాటిన మనిషి. వయసులో ఉన్నప్పుడు ఆ టవర్‌కే రంగులు వేసినాడు. టీ తాగేటప్పుడు దాని సంగతులు చెప్పేవాడు.

"మొదట ఈడ్నించి పంపిన రాకెట్ సముద్రంలో పడిందంట. మా నాయన సెప్పేవాడు. ఆ పొద్దు క్యాంటీన్లో ఎవురూ అన్నం ముట్టలేదంట. నల్లగా కాలిపోయిన గట్టును మళ్లా బాగుచేసి, దాని మీదనే ఇంకోటి నిలబెట్టినారు. అది పైకి పోయింది. తర్వాత పెద్ద రాకెట్లొచ్చినాయి, వాటికి పెద్ద ప్యాడ్లు కట్టుకున్నారు. దీని మీద కొన్నాళ్లు సామాన్లు పెట్టినారు. ఆనక పాములు కాపరం పెట్టినాయి."

పని బాగానే సాగింది. ఒక్కో ముక్కకు తాళ్లు కట్టి, బరువు క్రేన్ మీదికి తీసుకున్నాక, గ్యాస్ కట్టర్‌తో దాని నాలుగు ఇనుప కాళ్లూ కోసేవాళ్లు. ఏకాంబరం దాన్ని మెల్లగా తిప్పి ఇసుకలో దించేవాడు. వారం తిరిగేసరికి అతని చెయ్యి కుదురుకుంది.

సగం టవర్ దిగినాక ఒక పొద్దున సముద్రం వైపు నుంచి ఉన్నట్టుండి గాలి లేచింది. అప్పటికి పైముక్క కాళ్లలో మూడు తెగినాయి, నాలుగోది ఇంకా పట్టుకునే ఉంది. జయంతి వాకీటాకీలో అందరినీ దిగిపొమ్మంది. కట్టర్ మనిషి నిచ్చెన దిగేసినాడు. అతని వెనకాలే దిగాల్సిన జోయల్ దిగలేదు. పైముక్క గాలికి జానెడు పక్కకు జరిగి, అతని బూటు ముందుభాగం దూలానికీ తను నిలబడిన ఇనుప రేకుకూ మధ్య ఇరుక్కుపోయింది.

బరువు వదిలితే కాలు నలుగుతుంది. గాలిలో ఎత్తితే ముక్క ఊగి, నాలుగో కాలు తెగి, మనిషి మీదికే రావచ్చు. ఏకాంబరానికి క్వారీలో కాలు పోయిన మనిషి అరుపు మళ్లీ చెవిలో వినబడిందట. తన చేతి వైపు చూసుకున్నాడు. వణకడం లేదు.

"జోయలన్నా, నొప్పిగా ఉండాదా?" అని వాకీటాకీలో అడిగినాడు.

"నొప్పి లేదప్పా. వేళ్లు ఉండాయో లేదో తెలీడం లేదు. అదే భయంగా ఉండాది."

"గాలి తగ్గేదాకా కదలొద్దు. నేను పట్టుకోనే ఉంటా. యాడికీ పోను."

బరువును అట్లాగే పట్టుకుని కూర్చున్నాడు. గాలి తోసినప్పుడల్లా క్రేన్ పొడుగు చేతిని కొద్దికొద్దిగా సర్దుతూ, వైరు బిగువు తగ్గకుండా చూసుకున్నాడు. కింద జయంతి గాలి కొలిచే మీటరు వైపే చూస్తూ నిలబడింది. చాలాసేపటికి సర్వీ చెట్ల ఊపు తగ్గింది. ఆమె "ఇప్పుడు" అంది.

ఏకాంబరం రెండు వేళ్ల మందం ఎత్తినాడు. అంతకన్నా ఎత్తలేదు. జోయల్ బూటు అక్కడే వదిలేసి కాలు లాక్కున్నాడు. రెయిలింగు పట్టుకుని ఒక మెట్టు, ఆగి ఇంకో మెట్టు దిగి నేల మీద కూర్చుండిపోయినాడు. మేజోడు విప్పి చూస్తే బొటనవేలి గోరు నల్లబడింది. వేళ్లన్నీ కదిలినాయి. జయంతి వాటిని ఒక్కొక్కటే ముట్టి చూసి, కళ్లు తుడుచుకుంది.

గాలి పూర్తిగా పడినాక ఇంకో మనిషి ఎక్కి మిగిలిన కాలు కోసినాడు. ముక్కను ఇసుకలో దించి, ఇంజన్ ఆపి, ఏకాంబరం క్రేన్ దిగి గట్టు మీద కూర్చున్నాడు. జోయల్ కుంటుకుంటూ వచ్చి, అతని పక్కన కూర్చుని, చెయ్యి పట్టుకున్నాడు.

తర్వాతి నెలల్లో మిగతా టవర్ దించేసినారు. పాత గట్టు పగుళ్లు పూడ్చి, దాని మీద రాకెట్‌ను పట్టుకునే కొత్త స్తంభం నిలబెట్టినారు. దాన్ని ఎత్తింది కూడా ఏకాంబరమే.

రాకెట్ ఎగిరిన పొద్దున అతను, రేవతి, జోయల్ పులికాట్ రోడ్డు పక్కన జనంలో నిలబడి చూసినారు. సన్నటి రాకెట్, సన్నటి పొగ. ఎక్కువసేపు కనబడలేదు. జనం చప్పట్లు కొట్టి ఎవరిదారిన వాళ్లు పోయినారు. ఏకాంబరం మాత్రం కదలలేదు. అంత మంటకు గట్టు ఏమైందోనని అతని దిగులు.

మధ్యాహ్నం, ముగ్గురూ ఇంకా అక్కడే ఉండగానే, జయంతి ఫోన్ చేసింది. "రెండు చోట్ల పెచ్చులూడాయన్నా, అంతే. పూత పూసుకుంటే ఇంకోటి దీని మీద నుంచే పంపొచ్చు. మళ్లీ నువ్వే రావాలి."

"వస్తానమ్మా" అన్నాడు.

ఫోన్ జేబులో పెట్టుకుని రేవతికి చెప్పినాడు. ఆమె నవ్వి, టిఫిన్ బాక్సు విప్పి, ముందుగా జోయల్‌కు పులిహోర పెట్టింది.