మేడం తరఫు సాక్షులు

మా హాస్టల్ వార్డెన్ మేడం మహబూబ్‌నగర్ ఆసుపత్రిలో పోయారని షాద్‌నగర్ బస్సులో ఉండగా ఫోన్ వచ్చింది. నాకు మొదట ఏడుపు రాలేదు. "విచారణ వచ్చే వారమే కదా" అన్నాను. దానికోసం ఆమె ఎన్నేళ్లు ఎదురుచూశారో తెలిసినవాళ్లకు నా మాట తప్పుగా తోచదు.

మాది గొర్లు కాసే ఇల్లు. ఎండాకాలం మా అమ్మానాయినలు మేత వెతుక్కుంటూ మందతో వెళ్లిపోయి, వానలు పడ్డాకే తిరిగొచ్చేవారు. ఇంటికి తాళం. సెలవులకు హాస్టల్ మూస్తే మాలాంటి పిల్లలు మంద వెంట పోవాల్సిందే. అట్లా పోయిన చాలామంది మళ్లీ బడికి రాలేదు. నేను పదో తరగతికి వెళ్లే ముందు వేసవిలో మేడం మమ్మల్ని పంపలేదు, హాస్టల్లోనే తన దగ్గర ఉంచుకున్నారు. మందతో బయల్దేరే ముందు నాయిన బియ్యం మూట తెచ్చి వంటగదిలో దించాడు.

"ఇదెందుకయ్యా?" అన్నారు మేడం.

"నా బిడ్డ ఊకె తినొద్దు మేడం. మీరు జర సదివియ్యుండ్రి, గంతే."

మిగతా పిల్లల ఇళ్లవాళ్లూ తలా కొంత తెచ్చారు. మా ఇంట్లో పది పాసైన మొదటి మనిషిని నేను.

హాస్టల్లో ఒకసారి ఒక పిల్ల కొత్త చెప్పులు పోయాయి. నా బట్టలు మంద వాసన వస్తాయని ముందే దూరంగా ఉండేవారు, ఇప్పుడు అందరూ నన్నే అన్నారు. మేడం మా ఇద్దరినీ ఎదురెదురుగా కూర్చోబెట్టారు.

"నువ్వు సూసినవా, ఎవరన్న చెప్పిన్రా?" అని ఆ పిల్లను అడిగారు. తర్వాత నాతో, "ఇప్పుడు నువ్వు ఆమెను అడుగు" అన్నారు. నాకు ఏడుపు ముంచుకొచ్చింది. "ఏడుపు తర్వాత. ముందు అడుగు బిడ్డా."

అడిగాను. ఆ పిల్ల ఏమీ చూడలేదు. సాయంత్రం చెప్పులు గోడ వెనుక దొరికాయి, కుక్క కొరికి పడేసింది.

"ఇగ కుక్కను గూడ పిలవాలె. దాని మాట ఇనకుండ శిక్ష ఎయ్యొద్దు" అన్నారు మేడం. నేనూ ఆ పిల్లా కలిసే నవ్వాం.

అటువంటి మనిషిని ఎవరూ అడగలేదు. సెలవుల్లో సర్కారు బియ్యం వాడుకున్నారని ఆమె మీద ఫిర్యాదు వెళ్లింది. ఒక అధికారి వచ్చి వంటామెతో మాట్లాడి వెళ్లాడు. మమ్మల్ని పిలవలేదు, మేడంనూ పిలవలేదు. అభియోగం రుజువైందని రాశారు, ఉద్యోగం తీసేశారు. ఆమె కోర్టుకు వెళ్లారు. ఆమె ముందు సాక్షులను అడగకుండా చేసిన విచారణ చెల్లదు, మళ్లీ చెయ్యండి అని కోర్టు చెప్పింది. ఆ మళ్లీ చేసే విచారణకు తారీఖు పడేసరికి ఆమెకు రిటైర్మెంట్ వయసు కూడా దాటిపోయింది.

నేనిప్పుడు ఒక సర్కారు ఆఫీసులో జూనియర్ అసిస్టెంటును. తెలిసిన దానిలా సలహా ఇవ్వబోయాను.

"మేడం, ఒప్పుకుంటే చిన్న శిక్షేసి ఇడిసిపెడ్తరంట."

"పర్మిషన్ కాయితం లేకుంట మిమ్ముల ఉంచుకున్న. అది నా తప్పే, రాసిస్త. బియ్యం సంగతి ఒప్పుకోను. నేనొప్పుకుంటే మీ నాయిన మోసుకొచ్చింది దొంగబియ్యమైతది గదనే."

మా పేర్లు, మా ఇళ్లవాళ్ల పేర్లు సాక్షులుగా రాసిచ్చాక కేసు ముచ్చట మాతో ఎత్తలేదు. "నేర్పిచ్చిన అంటరు. మీరు సూసింది చెప్పుండ్రి, తెలువకుంటే తెలువదనుండ్రి" అన్నారు, అంతే.

అంత్యక్రియలయ్యాక, విచారణ పెట్టిన ఆమె శాఖ ఆఫీసుకు వెళ్లాను. గుమస్తా నన్ను కూర్చోబెట్టి మంచినీళ్లిచ్చాడు.

"ఇగ ఫికర్ లేదమ్మా. మనిషి పోతే విచారణ బందైతది. రావాల్సిన పైసలు ఇంటోళ్లకొస్తయి."

"గట్లైతె మేడం తప్పు చేసినట్టా సార్, చెయ్యనట్టా?"

"ఏదీ గాదమ్మా. మూసేసినట్టు."

అతను ఓదార్పుగానే అన్నాడు. పోయిన మనిషి జవాబు చెప్పుకోలేరు కాబట్టి శిక్షించకూడదు, ఆ నియమం న్యాయమైనదే. కానీ ఆమె వదిలెయ్యమని ఏనాడూ అడగలేదు. మమ్మల్ని అడగమని అడిగారు.

తారీఖు రోజు సెలవు పెట్టి వెళ్లాను, ఎందుకో తెలియదు. సాక్షులకు రావద్దని ఎవరూ చెప్పలేదు. ఆ వేసవి పిల్లలు వరండాలో ఉన్నారు, ఒకామె కట్టంగూర్ నుంచి చంటిబిడ్డతో వచ్చింది. మేడం పోయారని ఇక్కడికొచ్చాకే తెలిసి గోడకానుకుని ఏడుస్తోంది. మంద అమ్మ మీద వదిలి నాయినా వచ్చాడు. విచారణ లేదని గుమస్తా చెప్పాడు.

"వచ్చినం గద సారూ. మా మాట రాసుకోండ్రి" అన్నాడు నాయిన.

"రాసుకోనీకి ఆర్డర్ లేదు పెద్దాయనా."

"గట్లైతె ఇనుండ్రి. ఊకె ఇనుండ్రి."

గుమస్తా తల దించుకుని లోపలికి వెళ్లాడు. ఎవరూ లేవలేదు. విచారణ జరగాల్సిన గదికి తాళం ఉంది. సాయంత్రం ఆఫీసు మూసేదాకా అందరూ ఆ తలుపు వైపే తిరిగి, పేరు పిలుస్తారేమో అన్నట్టు కూర్చున్నారు.