చిట్టెమ్మ తోట, వడ్డీ లేని తాకట్టు

చిట్టెమ్మ తన కాఫీ తోటను తాకట్టు పెట్టింది శ్లాబు కోసమని ఊళ్ళో అందరూ అంటారు. అది సగం నిజం. మిగతా సగం ఆవిడ అక్క కొడుకు. "బేంకోడు నూటికి పదకొండు వడ్డీ అంటన్నాడు పిన్నీ, ఫల్గుణ బాబాయి సున్నా అంటన్నాడు. ఇంకా ఆలోసనేటి?" అని నడివీధిలో నిలబడి అడిగిన మేధావి వాడే. పెద్దల ముందు సాక్షిగా అందరికంటే ముందు తల ఊపింది కూడా వాడే. ఇది రాస్తున్నదీ వాడే. తప్పు ఒప్పేసుకున్నాడు కాబట్టి ఇక వాణ్ణి పక్కన కూర్చోబెట్టి చిట్టెమ్మ దగ్గరికి వెళ్దాం.

అనంతగిరి దాటాక రోడ్డు దిగి, గెడ్డ అనే చిన్న వాగు దాటి, కొండెక్కితే వచ్చే చిన్న ఊరు ఆవిడది. పొద్దున్న లేస్తే పొయ్యిని తిడుతుంది. మంచును తిడుతుంది. కొండ కింద ఆగకుండా పోయే ఆటోను, అది కనిపించకుండా పోయేదాకా తిడుతుంది. మొగుడు మంగ్లును తిట్టడం మాత్రం మధ్యాహ్నానికి అట్టే పెట్టుకుంటుంది. అప్పటికి అతను ఏదో ఒకటి చేసే ఉంటాడు.

ఆవిడ ఏనాడూ తిట్టనిది ఒక్క తోటనే. కాపురానికి వచ్చిన కొత్తలో నర్సరీ నుంచి మొక్కలు బుట్టలో పెట్టుకుని నెత్తిన మోసింది. గోతులు తనే తవ్వింది. నీడకు సిల్వర్ ఓక్ చెట్లు వేసింది. అవి ఎదిగాక ఒక్కోదాని మొదట్లో రెండేసి మిరియాల కొమ్మలు నాటి, పాకించింది. ఎకరం కంటే కొంచెం ఎక్కువ. ఏ మొక్క ఏ ఏడు ఎలా కాసిందో అడిగితే చెబుతుంది. మంగ్లు పుట్టినరోజు ఎప్పుడని అడిగితే మాత్రం, "ఆడు పుట్టినప్పుడు నానున్నానేటి?" అంటుంది.

గవర్నమెంటు ఇచ్చిన ఇల్లు గోడల దాకా వచ్చి ఆగిపోయింది. వానలు ముంచుకొస్తున్నాయి. శ్లాబుకు అరవై వేలు కావాలి. బ్యాంకులో వడ్డీ చెప్పారు, కాగితాలు అడిగారు. సరిగ్గా అప్పుడే పైన చెప్పిన మేధావి నోరు తెరిచాడు.

ఫల్గుణ మంగ్లుకు చిన్నాన్న కొడుకు. సంతలో కొట్టుంది, జీపుంది. చెడ్డవాడు కాదు. ఎవరికి ఏ అవసరం వచ్చినా డబ్బు తీసిస్తాడు. అర్ధరూపాయి వడ్డీ అడగడు. ఊరి పెద్ద మల్లేశు అరుగు మీద జీలుగు కల్లు పోశారు. అందరూ తాగాక మల్లేశు మాట చెప్పాడు. "అరవై ఏలు మంగ్లు ఇంటికి. కాపీ తోట ఫల్గుణకి. డబ్బు ఎనక్కొచ్చిన ఇటికల పండక్కి తోట ఎనక్కి." అంతే. కొండ మీద తాకట్టంటే అదే. డబ్బు తిరిగి ఇచ్చేదాకా పంట అప్పిచ్చినవాడిది. గడువు లేదు, సంతకం లేదు. సాక్షులు తల ఊపారు.

శ్లాబు పడింది. ఇంట్లోకి చినుకు రాలేదు. చిట్టెమ్మ ఆ ఏడు వానను తిట్టడం మానేసింది.

చైత్రంలో వచ్చే ఇటికల పండగ, ఆ మొదటి పండగకు రాజ్మా అమ్మిన డబ్బు, మంగ్లు విశాఖపట్నం వెళ్ళి తాపీ పనిలో సంపాదించింది కలిపి నలభై వేలు తీసుకెళ్ళింది. ఫల్గుణ కుర్చీ వేశాడు, టీ ఇప్పించాడు. డబ్బు మాత్రం ముట్టలేదు.

"ముక్కలు ముక్కలుగా వొద్దు వదినా. మొత్తం ఒక్కపాలే తెచ్చీ."

"మొత్తం ఉంటే ముక్క తెత్తానేటి మరిదీ?"

"మరేటి తొందర? నానేటైనా వడ్డీ అడిగేనా?"

చిట్టెమ్మ టీ తాగి లేచింది. నలభై వేలూ ఇంటికొచ్చి రేకు డబ్బాలో కూర్చున్నాయి. డబ్బు ఇంట్లో ఉందని తెలిస్తే ఎక్కడెక్కడి చుట్టాలకూ జబ్బులు చేస్తాయి. పెళ్ళిళ్ళు కుదురుతాయి. మంగ్లు పాత బండి ఒకటి కొన్నాడు, దానికీ జబ్బు చేసింది. రెండో పండగకు డబ్బాలో మిగిలింది ఒక తాళంచెవి. అది దేనిదో కూడా ఎవరికీ తెలియలేదు.

రెండేళ్ళు చిట్టెమ్మ తోట వైపు వెళ్ళలేదు. అటు దారి ఉన్నా చుట్టూ తిరిగి గెడ్డకు పోయేది. మూడో ఏడు పళ్ళ కోతకు కూలీలు చాలక ఫల్గుణే ఇంటికొచ్చాడు.

"కోతకి రా వదినా. కిలోకి ఏడ్రూపాయలు. నీకు తెలిసినట్టు ఆ మొక్కలు ఇంకెవులికి తెలుస్తాయి?"

ఇంట్లో డబ్బుల్లేవు. వెళ్ళింది. తన తోటలో తనే కూలికి దిగింది.

తోటలో అడుగుపెట్టిన దగ్గర్నుంచి ఆవిడకు ఒళ్ళు మండిపోయింది. మొక్కల మొదళ్ళలో పిలకలు చీపుళ్ళలా పెరిగిపోయి ఉన్నాయి. కత్తిరింపు లేదు. పక్క వరసలో కుర్రాళ్ళు కొమ్మను గుప్పిట్లో పట్టి పండూ కాయా ఆకూ కలిపి దూసేస్తున్నారు.

"ఒరే, పచ్చికాయలు ఒగ్గీండ్రా. పది రోజులు పోతే పండుతాయి."

"మళ్ళీ ఎవులొత్తారే అత్తా? ఫల్గుణ మావ ఒక్క కోతే అన్నాడు."

ఫల్గుణ తూకం దగ్గర ఉన్నాడు. ఆవిడ అటే పోయింది.

"పిలకలు తీయించలేదేటి మరిదీ? మొక్కలు సచ్చిపోతాయి."

"నువ్వు పై పండక్కే డబ్బు కట్టీవచ్చు వదినా. నాను కూలెట్టి బాగు సేయించి నీకు అప్పగించాలేటి?" అన్నాడు. కోపంగా కాదు, ఉన్నమాట చెప్పినట్టు.

అదీ సంగతి. తోట ఉన్నవాడు దాన్ని బాగు చేయించడు, అది రేపు తనది కాదు. బాగు చేయాలన్న ఆరాటం ఉన్నదానికి లోపల అడుగుపెట్టే హక్కు లేదు. ఈ మధ్యలో మొక్క ఎవరిదీ కాకుండా పోయింది.

పళ్ళ బస్తాలు జీపు దాకా మోసింది కూడా చిట్టెమ్మే. ఆ కోత పూర్తయ్యేసరికి తోట ఎంత ఇచ్చిందో ఆవిడ వీపుకు తెలిసిపోయింది. కూలి డబ్బు తెచ్చి మంగ్లు ముందు పెడితే అతను మురిసిపోయాడు.

"సూసేవా, మన తోటలో కూలి మనకే వొచ్చింది. పైవోడికి పోలేదు."

 చిట్టెమ్మ తిట్టడం కూడా మానేసి, లేచి వెళ్ళి రాజ్మా బస్తా, చేట తెచ్చింది. అరవై గింజలు లెక్కపెట్టి చేటలో ఒక పక్క పోసింది.

"గింజకి వెయ్యి. ఇది మన అప్పు. సూడు. కూలి ఖర్సులు పోను ఏడాదికి ముప్పై ఏలు ఆడికి తోటలో మిగిలింది." అని ఇంకో పక్క ముప్పై గింజలు పోసింది. "ఇది మొదటేడు." మళ్ళీ ముప్పై. "రెండోయేడు." మళ్ళీ ముప్పై. "ఇప్పుడు నా వీపు మీద మోసుకెళ్ళింది."

మంగ్లు రెండు కుప్పలూ మార్చి మార్చి చూశాడు. "ఆడికి తొంబై వొచ్చీసింది గదా. మరి ఈ అరవై తగ్గలేదేటి?"

"అది ఎప్పటికీ తగ్గదు. మనం కట్టిందాకా ఏటా ముప్పై పోతానే ఉంటాది."

"ఇంకో ఐదేళ్ళు కట్టలేకపోతే?"

చిట్టెమ్మ బస్తా అతని వైపు తోసింది. "పొయ్యి. ఆ గింజలు నువ్వే పొయ్యి." మంగ్లు బస్తాలో చేయి పెట్టి, మళ్ళీ తీసేశాడు. ఆ పూట అన్నం తినేటప్పుడు తలెత్తి శ్లాబు వైపు రెండు మూడుసార్లు చూశాడు.

బ్యాంకు పదకొండు వడ్డీకి ఇచ్చి ఉంటే ఏడాదికి ఆరు వేల ఆరొందలు. ముక్కలు ముక్కలుగా కట్టినా తీసుకునేవాళ్ళు, కట్టినకొద్దీ తగ్గేది. ఈ లెక్క అక్క కొడుకు చెప్పలేదు. వాడు ఆ రోజుల్లో పెద్దగా కనిపించలేదు కూడా. గొడవ అంటుకునే సూచన ఉంటే వాడికి అవతలి కొండ మీద పని తగులుతుంది.

కోతలయ్యాక ఒకరోజు గెడ్డ నుంచి వస్తూ చిట్టెమ్మ తల పైకెత్తింది. సిల్వర్ ఓక్ చెట్ల మీద మిరియాల గుత్తులు నిండుగా వేలాడుతున్నాయి. రెండేళ్ళూ వాటిని ఫల్గుణ మనుషులే కోసుకుపోయారు. తోట అతని చేతిలో ఉంది కాబట్టి అదీ అతనిదేనని ఊరంతా అనుకుంది. చిట్టెమ్మ కూడా అనుకుంది.

అప్పుడు ఆవిడకు కన్నతల్లి పనసచెట్టు గుర్తొచ్చింది. అది నాటిన చెలక ఎప్పుడో అన్నదమ్ముల పంపకాల్లో వేరేవాళ్ళకు పోయింది. అయినా ఏటా పనస కాయలు ఆ ముసలిదే దింపుకునేది. భూమివాళ్ళు అడ్డు చెప్పకపోగా కత్తి, తాడు అందించేవాళ్ళు. కొండ మీద భూమి వేరు, చెట్టు వేరు. నాటినవాళ్ళది చెట్టు. ఇచ్చేశానని నోటితో చెప్తే తప్ప పోదు. అరుగు మీద మల్లేశు నోట వచ్చింది కాఫీ ఒక్కటే.

మర్నాడు పొద్దున్నే వెదురు నిచ్చెన భుజాన వేసుకుని తోటకు వెళ్ళింది. రెండో చెట్టు ఎక్కేసరికి ఫల్గుణ జీపు వచ్చింది.

"ఏటి సేత్తన్నావు వదినా?"

"మిరియాలు కోత్తన్నాను మరిదీ. నిచ్చెన అట్టుకో, ఊగుతోంది."

అలవాటు కొద్దీ పట్టుకున్నాడు. పట్టుకున్నాక గుర్తొచ్చింది. "తోట నాకాడ తాకట్టున్నాది గదా."

"కాపీ తాకట్టున్నాది. నీ కాపీ పండు ఒక్కటి ముట్టుకున్నానేటి? ఈ పాదులు నాటింది ఎవులో సెప్పు."

"రెండేళ్ళు నాను కోసుకుంటే ఊరుకున్నావు."

"బుద్ది లేక ఊరుకున్నాను. నా బుద్ది నీకాడ తాకట్టెట్టలేదు."

ఫల్గుణ నిచ్చెన వదలకుండానే అరిచి నలుగురిని పిలిచాడు. అందరూ కలిసి మల్లేశు అరుగుకు చేరారు. సాక్షులను పిలిపించారు. అక్క కొడుకును అవతలి కొండ మీద నుంచి దింపి తెచ్చారు. కాఫీ మాటే విన్నానని, మిరియాల మాట వినలేదని వాడు నిజమే చెప్పాడు. జీవితంలో వాడు ఆ తోటకు చేసిన మంచి పని అదొక్కటే.

మల్లేశు చాలాసేపు చుట్ట కాల్చాడు. ఫల్గుణ కూడా అతనికి కావలసినవాడే.

"పాదు నాటినోల్లది," అన్నాడు చివరికి. "ఈయేడు మిరియాలు సిట్టెమ్మవి. రెండేళ్ళు నువ్వు కోసినవి ముప్పై ఏలు ఉంటాయేటి ఫల్గుణా?"

"కూలి ఎట్టి కోయించేను పెదనాన్నా."

"సగం నీ కూలికి. సగం అప్పులో కోసీ. నలభై ఐదేలు తెత్తే ఈ పండక్కే తోట ఇచ్చీ."

ఫల్గుణ ముఖం మాడ్చుకున్నాడు కానీ ఒప్పుకున్నాడు. తన పనసచెట్టు కూడా ఎవరి చెలకలోనో ఉంది, రేపు తనకూ ఇదే తీర్పు కావాలి.

పండగకు ఆట్టే రోజుల్లేవు. మిరియాలు ఎండబెట్టి సంతలో అమ్మితే ఇరవై రెండు వేలు వచ్చాయి. రెండు మేకలు ఎనిమిది వేలకు అమ్ముడుపోయాయి. మిగిలిన పదిహేను వేలు మహిళా సంఘంలో అప్పు తీసుకుంది, వడ్డీకి. వడ్డీ లేని అప్పు తీర్చడానికి వడ్డీకి అప్పు తెచ్చిన మనిషని ఊళ్ళో నవ్వారు. మంగ్లు కూడా నవ్వబోయి, చేటలో గింజలు గుర్తొచ్చి ఆగాడు.

ఇటికల పండగనాడు అరుగు మీద నలభై ఐదు వేలూ పెట్టింది. ఫల్గుణ లెక్కపెట్టుకున్నాడు. "మళ్ళీ అవసరముంటే రా వదినా," అన్నాడు. మాట మంచిగానే అన్నాడు.

"వొత్తాను. టీ తాగడానికి వొత్తాను," అంది చిట్టెమ్మ.

అటు నుంచి అటే తోటకు వెళ్ళింది. వెనక మంగ్లు, అతని వెనక అక్క కొడుకు. వరస వరసా తిరిగింది. సగం మొక్కల కాండాలను పురుగు తొలిచేసింది. అవి పీకి కొత్తవి వేయాలి. చాలా వాటిని మొదలు కంటా నరికితే తప్ప చిగురు రాదు. నరికాక కాపుకు మూడేళ్ళు. ఆ మూడేళ్ళూ సంఘం అప్పు కట్టాలి, కలుపు తీయాలి, పిలకలు తీయాలి, ఇంట్లో తినాలి. ఎప్పుడో వేసేసిన శ్లాబు ధర ఇంకా పెరుగుతూనే ఉంది.

చిట్టెమ్మ ఒక మొక్క ముందు కూర్చుని, కొడవలితో పిలకలు కోస్తూ, ఆ తోటలో మొదటిసారి తిట్టడం మొదలెట్టింది. ఎవరినని కాదు. ఆకులు రాలుతున్నంత మామూలుగా తిడుతోంది. ఊరుకోబెడదామని అక్క కొడుకు ముందుకొచ్చాడు.

"పోన్లే పిన్నీ. ఏదెట్టా పోయినా, నీ సేతిలోంచి అసలు కంటే ఒక్క రూపాయి ఎక్కువ పోలేదు గదా."

చిట్టెమ్మ కొడవలి ఆపింది.

"అవునురా గుంటడా. అయితే రేపటి నుండి ఈ మొద్దులు కాపుకొచ్చిందాకా రోజూ వొచ్చి కలుపు తియ్యి. కూలి ఇవ్వను. నీ సేతిలోంచి కూడా ఒక్క రూపాయి పోదు గదా."