గుమ్మడికాయ కొట్టని సామ్రాజ్యం

మణికేతన సామ్రాజ్యం కూలిపోయి రెండేళ్లు దాటినా, దాని ఆచారాల్లో ఒకటి మాత్రం ఇబ్రహీంపట్నంలో చెక్కుచెదరకుండా సాగుతోంది. ప్రతి ఆదివారం పొద్దున బస్టాండు వెనక సెలూన్లో అమరేందర్ రెడ్డి మీసం కత్తిరించుకుంటాడు. శిలాశాసనం వేయించదగిన ఈ ఘట్టానికి ఇంతవరకు సాక్షులు సెలూన్ శివయ్య, ఆయన అద్దం, అంతే. కుర్చీలో కూర్చోగానే అమరేందర్ ఫోన్ తీసి తన పాత ఫోటో ఒకటి చూపిస్తాడు. అందులో తలపాగా, కవచం, కుడివైపు కొంచెం ఎక్కువగా మెలితిరిగిన మీసం. సరిగ్గా అట్లాగే ఉండాలి.

"ఇప్పుడు నిన్నెవలు గుర్తుపడ్తరే అన్నా," అన్నాడు శివయ్య ఒకసారి.

"కెమెరా గుర్తుపడ్తది," అన్నాడు అమరేందర్.

మణికేతన సామ్రాజ్యం ఏ చరిత్ర పుస్తకంలోనూ దొరకదు. అది టీవీ సీరియల్లో ఉండేది. అమరేందర్ వాళ్ల చేనున్న వైపంతా ప్లాట్లయ్యాక, అమ్ముడుపోని మూలను వెంచర్ వాళ్లు షూటింగ్‌కి ఇచ్చారు. పల్లికాయ పండిన నేల మీద ప్లైవుడ్ కోట లేచింది. ఆయన భార్య లక్ష్మమ్మ పోయింది ఆ ఏడాదే. ఒక్కడికి ఎంత బియ్యం పోయాలో ఇంకా చేతికి తెలియని రోజులవి. ఊరికే చూసి వద్దామని వెళ్లిన అమరేందర్‌ను, ఆరడుగుల మనిషి కావడంతో, సైన్యంలో చేర్చేసుకున్నారు. ఆ విధంగా ఆయన తన సొంత చేనుకే కాపలా భటుడయ్యాడు.

కొన్నాళ్లకు పదోన్నతి వచ్చి ఘంటాధారి అయ్యాడు. సామ్రాజ్యానికి ప్రాణమంతా ఆహ్వానఘంటలో ఉండేది. చక్రవర్తి దాన్ని మోగిస్తే చెదిరిపోయిన సైన్యం ఎక్కడున్నా సరే, చచ్చి మట్టిలో ఉన్నా సరే, లేచి కోట వాకిటికి రావాలి. అంతటి ఘంటను రెండు చేతులా పట్టుకుని సింహాసనం వెనక నిలబడటం అమరేందర్ బాధ్యత. ఆయనకు ఒక్క డైలాగూ రాయలేదు. అయితే మధ్యాహ్నం మాటలకు కొదవ ఉండేది కాదు. భటులంతా కవచాలు వదులు చేసుకుని కోటగోడ నీడలో వరసగా కూర్చుని తినేవారు. మహేశ్వరం నుంచి వచ్చే ఎల్లయ్యకు పక్కవాళ్ల ప్లేట్లోంచి పచ్చడి ఎత్తడం అలవాటు. ఎత్తుతూనే, "అన్నా, గంట జర పక్కకు వెట్టి తిను. మేం యాడికి పోతం?" అనేవాడు.

సామ్రాజ్యాన్ని కూల్చింది శత్రువులు కారు, రేటింగులు. ఒక సాయంత్రం ఘంట పిడి బీటవారింది. ఆర్ట్ డిపార్ట్‌మెంటులో సామాన్లు చూసే వీరరాఘవులు విసుక్కుంటుంటే, ఇంట్లో ఎంసీల్ ఉంది, అతికించి రేపు తెస్తానన్నాడు అమరేందర్. ఆ రేపు రాలేదు. షెడ్యూల్ వాయిదా అని మెసేజీ వచ్చింది. కొన్నాళ్లకు కోట ముక్కలై లారీలెక్కింది. సీరియల్ ఖతమైందని ఊరంతా తీర్మానించింది.

అమరేందర్ తీర్మానించలేదు. షూటింగ్ ధర్మశాస్త్రం ఆయనకు తెలుసు. కొబ్బరికాయతో మొదలైన షూటింగ్ గుమ్మడికాయతోనే ముగియాలి. ఆఖరి రోజున యూనిట్ అందరికీ దిష్టి తీసి గుమ్మడికాయ కొట్టేదాకా ఏదీ అయిపోయినట్టు కాదు. కొట్టలేదు కాబట్టి అయిపోలేదు. అయిపోలేదు కాబట్టి ఏ రోజైనా పిలుస్తారు. పిలిచిన రోజు మీసం తేడాగా ఉంటే, సగంలో ఆగిన ఆ ఒకే యుద్ధంలో ఘంటాధారికి రెండు ముఖాలవుతాయి.

అందుకని ఘంటను బీరువాలో లక్ష్మమ్మ చీరల మధ్య పెట్టాడు. రోజూ తీసి తుడిచేవాడు. కరెంటు పోయిన ఒక సాయంత్రం ఎందుకో దాన్ని గట్టిగా ఊపి చూశాడు. అది ఫైబర్‌ది, మోగదు. సీరియల్లో వినిపించిన మోత స్టూడియోలో కలిపింది. ఇరుగుపొరుగుకు ఏ ఇబ్బందీ కలగలేదు. వాకిట్లోకి ఎవరూ రాలేదు కూడా.

ఈ మధ్య వీరరాఘవులు ఫోన్ చేశాడు. మన్నెగూడ దగ్గర ప్లాటు చూడటానికి వస్తున్నాననీ, దారిలో ఒకసారి కలుస్తాననీ అన్నాడు. ప్లాటు మాట అమరేందర్ చెవికెక్కలేదు. ఆదివారం కాకపోయినా సెలూన్‌కు పోయి వచ్చాడు. నాటుకోడి వండాడు. అతిథి కాళ్లు కడుక్కోగానే తువ్వాల్లో చుట్టిన ఘంటను తెచ్చి రెండు చేతులా అందించాడు. వీరరాఘవులు అదేమిటో పోల్చుకోవడానికి కాసేపు పట్టింది.

"ఓ, ఇదా! మీరే ఉంచుకోండి అమరేందర్ గారూ. ఇలాంటివి ఆరు చేయించాం. గోడౌన్లో పడున్నాయి."

అమరేందర్ అన్నం వడ్డించాడు. సగం భోజనం అయ్యేదాకా ఆగి, "మరి షూటింగ్ ఎప్పుడు షురువైతది రాఘవులన్నా?" అని అడిగాడు.

వీరరాఘవులు ముద్ద కలపడం ఆపాడు. "అది అయిపోయింది కదండీ. కోట ఎత్తేసిన తర్వాతి నెలలోనే స్టూడియోలో గుమ్మడికాయ కొట్టేశాం."

అమరేందర్ ఆయన ప్లేట్లో ఇంకో ముక్క వేశాడు. తిన్నాక వీరరాఘవులు కూర చాలా బాగుందని చెప్పి, ప్లాటుకు దారి అడిగి వెళ్లిపోయాడు.

తన దుఃఖాన్ని అమరేందర్ తర్వాతకి వాయిదా వేసుకున్నాడు. ముందు సైన్యం సంగతి చూడాలి. ఎవరో ఆఫీసు వాళ్లు నలుగురు గుట్టుగా కొట్టేసి ఉంటారు. పాపం భటులంతా తలా ఓ చోట, తనలాగే మీసాలు కాపాడుకుంటూ ఎదురుచూస్తుంటారు. ఈ కబురు వాళ్లకు మెల్లగా చెప్పాల్సింది ఘంటాధారే. ముందుగా, కొంగరకలాన్ ఫ్యాక్టరీలో సెక్యూరిటీగా చేస్తున్న ఎల్లయ్యకు ఫోన్ చేశాడు. రెండేళ్లుగా ఇద్దరూ పొద్దున్నే వాట్సాప్‌లో పూల బొమ్మలు పంపుకోవడమే తప్ప మాట్లాడుకున్నది లేదు. ఆరోగ్యం అడిగాడు. వానలు అడిగాడు. పిల్లల చదువు అడిగాడు. అప్పుడు గొంతు సవరించుకున్నాడు.

"ఎల్లా, ఒక మాట చెప్త, ఫికర్ చెయ్యకు. మన గుమ్మడికాయ కొట్టిన్రంట."

"అవ్ అన్నా," అన్నాడు ఎల్లయ్య. "మేమంత ఆడనే ఉంటిమి గద. నీకు రాఘవులు సార్ చెప్తడనుకున్నం. నువ్వు రాకపోతె, ఏం పనుండెనో అనుకున్నం."

ఎవరెవరు వచ్చారని అమరేందర్ అడిగాడు. ఎల్లయ్య ఒక్కొక్క పేరే చెప్పుకుంటూ పోయాడు. సైన్యంలో ఒక్కరూ తగ్గలేదు. ఇంకేం అడగాలో తోచక, తినడానికి ఏం పెట్టారని అడిగాడు అమరేందర్.

చికెన్ బిర్యానీ పెట్టారట. మిగిలింది కూడానట.