పట్టాభిషేకపు తీగముద్ద

కోపంలో నేనాడిన అబద్ధాన్ని పొయ్యి మీద పెట్టి వండి చూపించిన మనిషి మా అత్త ఒక్కతే. డెబ్బైల చివర్లో సంగతి. నాకు పెళ్ళై ఎనిమిది నెలలు. తిరుపతిలో అత్తగారిల్లు, నామాలు పెట్టుకునే ఇల్లు. స్వామికి చూపించనిదే ఎవరూ మెతుకు ముట్టరు. నేనేమో ఏర్పేడు దగ్గర బడిపంతులు కూతుర్ని. మా ఇంట్లో మడీ గిడీ అంతంతమాత్రం. అందుకని మా అత్త నన్ను వంటింటి గడప దాటనివ్వలేదు. కూరలు తరగడం, బియ్యం ఏరడం, అన్నీ వసారాలోనే. మూడు పూటలా తిని కూర్చునే చుట్టాన్నయిపోయాను. ఆ పొయ్యి దగ్గర ఒక్కరోజు నిలబడితే చాలు, ఈ ఇంటి మనిషినైనట్టే అనుకునేదాన్ని. చెప్పుకుంటే సిగ్గు, ఒకటి రెండుసార్లు ఏడ్చాను కూడా.

చేతిలో పని లేకపోతే నోరు ఊరుకుంటుందా? మా ఆడబిడ్డ కూతుళ్ళిద్దరు చదువు కోసం మా దగ్గరే ఉండేవాళ్ళు. బడి నుంచి రాగానే వాళ్ళకు కథలు చెప్పేదాన్ని. ఏడుమబ్బుల రాజ్యం అని ఒకటి అల్లాను. ఆ రాజ్యంలో కొత్త రాణి సింహాసనం ఎక్కాలంటే తీగముద్ద చేయాలి. వెన్నెలను గంగాళంలో పట్టి, మబ్బుపిండి కలిపి, చుక్కలు వేసి, వెయ్యిసార్లు తిప్పాలి. ముద్దను లాగితే సభ ఈ కొస నుంచి ఆ కొస దాకా సాగాలి. సభంతా ఒకేసారి కొరకాలి. మధ్యలో తెగిందో, రాణి పోయి అంట్లు తోముకోవాల్సిందే.

మా అత్త వంటింట్లోంచి అంతా వింటూనే ఉండేది. ఒకరోజు బయటికొచ్చి, సాగే తీపి యాడన్నా ఉండాదా, లేనిపోనివి చెప్పి బిడ్డల్ని చెడగొడతా ఉండావని తీసిపారేసింది. నాకు ఒళ్ళు మండింది.

"మా అమ్మావాళ్ళింట్లో చేస్తారత్తా. మీకు తెలీదేమోలే," అన్నాను.

అంతే. తనకు తెలియని వంట ఒకటి, అదీ నా పుట్టింట్లో, ఉందంటే ఆమెకు ముద్ద దిగలేదు. రెండురోజులు నాతో మాట్లాడలేదు. మూడోరోజు నుంచి అటూ ఇటూ పోతూ, ఊరికే అడిగినట్టు ఆరా తీయడం మొదలుపెట్టింది. వెన్నెలంటే ఏంది, మబ్బుపిండి ఎన్ని సోలలు అని. వెనక్కి తగ్గడానికి నాకు మొహం చెల్లలేదు. వెన్నెలంటే పాలు, మబ్బుపిండంటే బియ్యప్పిండి, చుక్కలంటే సగ్గుబియ్యం, బెల్లం మాత్రం ముదురుపాకం పట్టాలని నోటికొచ్చింది చెప్పాను. పాలల్లో బెల్లప్పాకం పోస్తే విరగవా అంది. మా ఇంట్లో విరగవన్నాను. ఈమె చేసేదుందా చచ్చేదుందా అని నా ధీమా.

మా వైపు స్వామి నెలగా చూసే పెరటాసిలో మొదటి శనివారం వచ్చింది. ఆ రోజు మా ఇళ్ళల్లో తళిగ వేస్తారు. పెద్ద అరిటాకులో పొంగలి, పులిహోర, వడలు రాసులుగా పోసి స్వామికి నైవేద్యం పెడతారు. చూద్దును కదా, ఆకు మధ్యలో నల్లగా నిగనిగలాడుతూ గుమ్మడికాయంత ముద్ద. నేను చెప్పిన తీగముద్దే, చేసేసింది. స్వామికి పెట్టకముందు రుచి చూడకూడదు, వాసన కూడా చూడకూడదు. కాబట్టి అదెట్లా ఉందో మా అత్తకూ తెలియదు. హారతి అయింది. ఇక అది తీపి కాదు, ప్రసాదం. పారేయకూడదు, బాగాలేదని అనకూడదు.

మా అత్త గరిటె గుచ్చి లేపితే గరిటెతో ముద్ద, ముద్దతో ఆకు, ఆకు మీది వడలతో సహా లేచాయి. చివరికి మా ఆయన కొబ్బరికాయలు కొట్టే కత్తి తెచ్చాడు. తలా ఒక ముక్క నోట్లో వేసుకున్నాం. వేసుకున్నవాళ్ళం వేసుకున్నట్టే ఉండిపోయాం. మామగారు గోవిందా అనబోయి 'గో' దగ్గరే ఆగిపోయారు. పళ్ళకు అతుక్కున్న ముక్కను బలంగా లాగేసరికి పై వరస కట్టుడుపళ్ళు దానితోపాటు చేతిలోకి వచ్చేశాయి. ప్రసాదం అంటుకుని ఉంది కదా, పాపం ఆయన పళ్ళను కూడా కళ్ళకద్దుకున్నారు. పిల్లలిద్దరూ మాత్రం తమ ముక్కను చెరో కొసా పట్టుకొని వసారా దాకా లాగి, తెగలేదవ్వా అని ఒకటే గంతులు.

మూడురోజులు తిన్నాం. ఒక్కరూ పల్లెత్తు మాట అనలేదు. మా అత్త అందరికన్నా ఎక్కువే తింది. నాలుగోరోజు పొద్దున వసారాలోకి వచ్చి నా పక్కన కూర్చుంది. దవడ వాచి ఉంది.

"పాపా, పాకం యాడ తప్పినానో సెప్పు. నాకు ఎప్పుడూ ఇట్ల కాలేదు," అంది.

అంత పెత్తనం చేసే మనిషి అట్లా అడిగేసరికి నాకు ఏడుపు తన్నుకొచ్చింది. అట్లాంటి తీపే లేదని, మా వాళ్ళెవరూ చేయలేదని, కోపమొచ్చి కల్పించానని ఏడుస్తూనే చెప్పేశాను. ఇక మూట సర్దుకోవడమే అనుకున్నాను. ఆమె నా ముందున్న చేటను తన ఒళ్ళోకి లాక్కుని, రెండు రాళ్ళు ఏరి పారేసింది.

"లేని వంట నా చేత చేయించినావు గదా. రేపు తలకు పోసుకొని లోపలికి రా. ఉండే వంట ఒకటి నువ్వు చేసి సూపించు," అంది.

మరుసటి రోజు స్వామికి పొంగలి నేనే వండాను. రుచి చూసే వీల్లేదు, ఉప్పు వేశానో లేదో గుర్తు లేదు, అనుమానంతో ఇంకోసారి వేశాను. హారతి అయింది. అందరూ తిన్నారు, ఎవరూ కిక్కురుమనలేదు. మా అత్త చెంబెడు నీళ్ళు తాగి, ఇంకొంచెం పెట్టమని ఆకు ముందుకు జరిపింది.